వెట్టికి తొడిగిన ముఖం

1

ఇటీవల మన కథల్లోకి ఒక కొత్త పాత్ర వచ్చి చేరింది. ఈ పాత్ర జీతం అడగదు, ఆకలి చెప్పుకోదు. కళ్ళున్న చోట రెండు దీపాలు వెలుగుతుంటాయి. హోటల్లో టిఫిన్ మోసుకొస్తుంది, దుకాణం గుమ్మంలో నిలబడి నమస్కారం పెడుతుంది. కథ ముగిసేలోగా దాన్ని ఎవరో తిడతారు, లేదా తంతారు, లేదా పాతసామాన్ల వాడికి అమ్మేస్తారు. పాఠకుడు కళ్ళు తుడుచుకుంటాడు. మానవత్వం మాయమైపోతోందని రచయిత చివర ఒక వాక్యం రాసి సెలవు తీసుకుంటాడు.

ఈ కథలను ఎగతాళి చేసే అర్హత నాకు లేదు. నిరుడు మా ప్రాంతంలో బడిపిల్లల కథలపోటీకి నేనొక న్యాయనిర్ణేతను. తొమ్మిదో తరగతి కుర్రవాడు రాసిన ఇలాంటి కథకే మొదటి బహుమతి ఇచ్చాను. తాగివచ్చిన మనిషొకడు హోటల్లో రోబోను కొడతాడు. అది 'క్షమించండి' అంటుంది. కథ చెబుతున్న పిల్లవాడు తన చేతిరుమాలు తీసి దాని తలకు కట్టుకడతాడు. పద్నాలుగేళ్ళ వయసుకు మంచి కథే. 'కరుణరసం చక్కగా పోషించబడింది' అని నా అభిప్రాయం కూడా రాశాను.

ఆ కథలను చిన్న పుస్తకంగా వేసేటప్పుడు ప్రూఫులు దిద్దే పని నా మీద పడింది. అప్పుడు ఒక వాక్యం దగ్గర ఆగిపోయాను. 'అప్పుడు ఎవరో వచ్చి ప్లేట్లు తీసి టేబుల్ మీద పెట్టారు.' ఎవరు ఆ 'ఎవరో'? అలాంటి హోటల్ నేనూ చూశాను. రోబో పళ్ళెం మోసుకుని బల్ల దాకా వచ్చి నిలబడుతుంది. దానికి అంతకు మించి చేతకాదు. దాని వెనకాలే పద్దెనిమిదేళ్ళు నిండాయో లేదో తెలియని ఒక కుర్రవాడు గుడ్డ భుజాన వేసుకుని నడుస్తుంటాడు. గిన్నెలు దించేది అతను. ఒలికిన సాంబారు తుడిచేది అతను. దారికడ్డం వచ్చిన పిల్లల్ని బుజ్జగించి పక్కకు తప్పించేది అతను. తిన్నవాళ్ళు మాత్రం యంత్రం పక్కన నిలబడి ఫొటోలు దిగారు, దానికి థాంక్స్ చెప్పారు. కుర్రవాడికి ఎవరూ చెప్పలేదు. నేనూ చెప్పలేదు.

విద్యార్థి తాను చూసింది చూసినట్టే రాశాడు. ఎవరిని చూడాలో, ఎవరిని 'ఎవరో' అనాలో సమాజం అతనికి ముందే నేర్పింది. ఇరవై ఏళ్ళుగా వస్తువు, దృక్పథం, వర్గస్వభావం అంటూ మాట్లాడుతున్న నేను ఆ 'ఎవరో'ను దాటుకుని వెళ్ళి రుమాలు దగ్గర కరిగిపోయాను. కనుక తప్పు పిల్లవాడిది కాదు, తీర్పరిది. ఈ వ్యాసానికి మూలం ఆ తప్పే.

నలుగురూ తిరిగే చోట నిలబెట్టిన రోబో పట్ల జనం ఎలా ప్రవర్తిస్తున్నారు? ఆ ప్రవర్తనలో దయ ఉంది, దెబ్బ ఉంది. ఈ రెంటినీ సాహిత్యం ఎలా అర్థం చేసుకోవాలి?

2

'రోబో' అనే మాట ప్రయోగశాలలో పుట్టింది కాదు, నాటకంలో పుట్టింది. చెక్ రచయిత కారెల్ చాపెక్ 1920లో ప్రచురించిన 'ఆర్.యు.ఆర్.' నాటకం దాన్ని ప్రపంచానికి ఇచ్చింది. 1921 జనవరి 25న ప్రాగ్ జాతీయ రంగస్థలం మీద ఆ నాటకం ప్రదర్శించారు. తన నాటకంలోని కృత్రిమ శ్రామికులకు ఏం పేరు పెట్టాలో తోచక అన్నయ్య యోసెఫ్‌ను అడిగితే, చిత్రకారుడైన ఆయన ఈ మాట అందించాడని చాపెక్కే తర్వాత చెప్పాడు. చెక్ భాషలో 'రోబొత' అంటే రైతు తన ప్రభువు భూమిలో కూలి లేకుండా విధిగా చేయవలసిన చాకిరీ. హాబ్స్‌బర్గ్ సామ్రాజ్యంలో 1848 దాకా అది సాగింది.

దీనికి తెలుగు మాట కోసం నిఘంటువు తిరగేయనక్కరలేదు. అది వెట్టి. నైజాం కాలపు తెలంగాణలో దొర గడి చుట్టూ కులానికొక చాకిరీ చొప్పున పంచిపెట్టిన వ్యవస్థకు మన జనం పెట్టిన పేరు అది. దాని మీద 1946 నుంచి 1951 దాకా సాయుధంగా పోరాడినవాళ్ళు మన ముందుతరం. వెట్టిచాకిరీ వ్యవస్థను రద్దుచేసే చట్టం ఈ దేశమంతటికీ 1976లో గాని రాలేదు.

మనం రోబోకు 'మరమనిషి' అని పేరు పెట్టుకున్నాం. చెవికి ఇంపైన మాటే. అయితే ఆ అనువాదంలో మర వచ్చింది, మనిషి వచ్చాడు, వెట్టి జారిపోయింది. యంత్రానికీ మనిషికీ తేడా ఏమిటన్న వేదాంత చర్చ మనకు మిగిలింది. ఎవరి కోసం, ఎవరి బదులు, ఎవరి ఆజ్ఞ మీద ఈ చాకిరీ అన్న ప్రశ్న మాటతోపాటే పోయింది. మన కథల్లో రోబో ఏడవటానికీ, కుర్రవాడు 'ఎవరో'గా మిగలటానికీ బీజం ఇక్కడే ఉందని నా అభిప్రాయం.

చాపెక్ ఆ ప్రశ్నను పోనివ్వలేదు. నాటకం మొదటి అంకంలోనే ఒక గొప్ప సన్నివేశం ఉంది. రోబోల కర్మాగారమున్న దీవికి హెలెనా అనే యువతి వస్తుంది. రోబోలకు హక్కులు కావాలనే సంఘం ప్రతినిధి ఆమె. మేనేజరు డోమిన్ తన టైపిస్టు సుల్లాను పరిచయం చేసి, ఇది రోబో అంటాడు. హెలెనా నమ్మదు. నమ్మించటానికి సుల్లాను తీసుకువెళ్ళి కోసి చూపించమని అతను ఆజ్ఞాపిస్తాడు. హెలెనా ఆమెకు అడ్డుపడుతుంది. కాసేపటికి కంపెనీ అధికారులు గదిలోకి వస్తారు. వాళ్ళు నిజమైన మనుషులు. హెలెనా వాళ్ళను రోబోలనుకుని సానుభూతి ఉపన్యాసం ఇస్తుంది! ప్రేక్షకులు నవ్వుతారు. కాని ఆ నవ్వు వెనక చాపెక్ చెప్పినది చిన్న విషయం కాదు. మంచి మనసున్న మధ్యతరగతి దయకు కళ్ళు సరిగా కనిపించవు. ఎదురుగా ఉన్న ముఖాన్ని బట్టి అది కరుగుతుంది. ఆ ముఖాన్ని అక్కడ నిలబెట్టిన చేతిని గుర్తుపట్టదు.

మరో అంశం ఇంకా లోతైనది. నాటకంలో రోబోలకు నొప్పి తెలియదు. అందువల్ల యంత్రాల్లో చేతులు పెట్టి విరగ్గొట్టుకుంటున్నాయి, కంపెనీకి నష్టం వస్తోంది. కాబట్టి వాటికి నొప్పి తెలిసేలా చేయాలని డాక్టర్ గాల్ ప్రయత్నిస్తుంటాడు. హెలెనా ప్రశ్నలకు వచ్చే జవాబుల్లో దాపరికమేమీ లేదు. ఇది వాటి మీద జాలితో చేస్తున్న పని కాదు, ఉత్పత్తి అవసరం. నొప్పి అంటే యజమాని ఆస్తికి కాపలా.

3

నాటకంలోని ఆ ఊహ ఒక శతాబ్దం తర్వాత జపాన్‌లో దాదాపు అక్షరాలా జరిగింది. ఒసాకాలోని ఒక వాణిజ్య సముదాయంలో పరిశోధకులు ఒక రోబోను నడవనిచ్చారు. మనుషులు ఎదురైతే మర్యాదగా దారి ఇమ్మని అడగటం దాని పద్ధతి. పెద్దవాళ్ళు తప్పుకున్నారు. పిల్లలు కొందరు దారికడ్డం నిలబడ్డారు, తిట్టారు, తన్నారు, దాని మెడ పట్టుకుని వంచారు. 2015లో పరిశోధకులు ప్రకటించిన పరిష్కారం చూడండి. చుట్టూ పొట్టివాళ్ళు గుమిగూడి, దగ్గర్లో పెద్దవాళ్ళెవరూ లేకపోతే, ప్రమాదాన్ని ముందే అంచనా కట్టి పొడవైన మనుషులున్న వైపుకు జరిగిపోయేలా దానికి నేర్పారు. డాక్టర్ గాల్ నరాలతో చేయబోయిన పనిని వీళ్ళు లెక్కలతో చేశారు.

అదే సముదాయంలో, రోబోను బాధించిన పిల్లలతో మాట్లాడే ప్రయత్నం కూడా జరిగింది. 13 రోజుల్లో, 5 నుంచి 9 ఏళ్ళ వయసున్న 23 మంది పిల్లల జవాబులు నమోదు చేశారు. చాలామంది అది ఏం చేస్తుందో చూద్దామని, లేదా సరదాగా ఉందని కొట్టామన్నారు. తాము చేసేది దానికి తెలుస్తుందని సుమారు సగం మంది నమ్మారు. అంటే అది వట్టి బొమ్మ అనుకుని కొట్టినవాళ్ళే కాదు, దానికి తెలుస్తుందనుకుంటూనే కొట్టినవాళ్ళూ ఉన్నారు. ఇరవై ఏళ్ళుగా పిల్లల మధ్య బతుకుతున్న నన్ను ఈ సంగతి ఆశ్చర్యపరచలేదు గాని కలవరపెట్టింది. ఎదురు తిరగలేనిదాన్ని, పైగా మర్యాదగా బతిమాలేదాన్ని ఏం చేసినా ఫరవాలేదని ఆ పిల్లలకు ఎక్కడ తెలిసింది? పుట్టుకతో వచ్చిందనటం సులభం. కాని పిల్లలు ఇంట్లో పనిమనిషితో పెద్దలు మాట్లాడే తీరు వింటారు. వీధిలో చెత్తబండి మనిషిని పిలిచే తీరు వింటారు. ఏ స్వరం ఎవరి మీద వాడాలో అక్షరాలకంటే ముందే నేర్చుకుంటారు. ఇది ఏ దేశానికైనా వర్తిస్తుంది. మన దేశానికి కులం వల్ల రెట్టింపు వర్తిస్తుంది.

జపాన్‌లోనే మరో ఊరు, యొకొసుకా. 2015 సెప్టెంబరులో ఒక ఫోన్ల దుకాణంలో తాగిన మనిషొకడు పెప్పర్ అనే రోబోను తన్నాడు. మనుషుల ఉద్వేగాలను గుర్తిస్తుందని ప్రచారం చేసి సాఫ్ట్‌బ్యాంక్ కంపెనీ అమ్మిన రోబో అది. ఎందుకు తన్నావని అడిగితే దుకాణంలో ఉద్యోగి తీరు నచ్చలేదన్నాడు. అంటే కోపం ఉద్యోగి మీద, దెబ్బ రోబోకు. ఆ ఉద్యోగైనా స్వతంత్రుడా? అతని చిరునవ్వూ, అతని 'తీరూ' కంపెనీ నిబంధనల ప్రకారం నడిచేవే. కోపం రావటానికి నిజమైన కారణమేదైనా ఉంటే అది ఎక్కడో పై అంతస్తులో ఉంది. అక్కడికి పోవలసిన కోపం కౌంటరు దగ్గరే ఆగి, అక్కడి నుంచి పక్కకు మళ్ళి, నవ్వుతున్న బొమ్మ మీద పడింది. మనుషులకు అడ్డంగా ముఖాలను నిలబెట్టే వ్యవస్థకు ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకటం కష్టం. ఆ పెప్పర్ తయారీని కంపెనీ 2020లో నిలిపేసింది. ఆ ముఖానికి విలువ గిరాకీ ఉన్నంతసేపే.

4

దెబ్బలే చెప్పి ఊరుకుంటే అన్యాయమవుతుంది. 2009లో న్యూయార్క్‌లోని వాషింగ్టన్ స్క్వేర్ పార్కులో కేసీ కిన్జర్ అనే విద్యార్థిని అట్టతో చేసిన చిన్న రోబోను వదిలింది. తిన్నగా ముందుకు పోవటం తప్ప దానికేమీ రాదు. తాను ఎక్కడికి పోవాలో, దారి తప్పితే సాయం చేయమనీ దాని జెండా మీద రాసి ఉంది. 42 నిమిషాల్లో 29 మంది దాన్ని పట్టించుకున్నారు. గుంటలో పడితే లేపారు, గోడకు తగిలితే తిప్పారు, గమ్యానికి చేర్చారు. ఆ మహానగరంలో తొందరలో నడిచే జనం ఆగి మరీ చేశారు.

హిచ్‌బాట్ కథ ఇంకా ప్రసిద్ధం. కెనడాలో ఇద్దరు విశ్వవిద్యాలయ పరిశోధకులు, డేవిడ్ హారిస్ స్మిత్, ఫ్రావుకె జెల్లర్, తయారుచేసిన బొమ్మ అది. ఒళ్ళు ఒక బకెట్టు, కాళ్ళకు రబ్బరు బూట్లు. తనంతట తాను కదలలేదు. రోడ్డు పక్కన కూర్చుని దారినపోయే కార్లను లిఫ్ట్ అడగటమే దాని పని. 2014 వేసవిలో హాలిఫాక్స్ నుంచి విక్టోరియా దాకా కెనడా అంతా జనమే దాన్ని మోసుకుపోయారు. 2015 జూలైలో అమెరికాలో ప్రయాణం మొదలుపెట్టింది. ఆగస్టు 1న ఫిలడెల్ఫియాలో ఎవరో దాన్ని ముక్కలు చేశారు. పత్రికలు ఆ చివరి రోజు గురించే ఎక్కువ రాశాయి. అన్ని వేల కిలోమీటర్లు మోసినవాళ్ళ గురించి రాసింది తక్కువ. ఒక రాత్రి ఒక్క చెయ్యి చేసిన పనిని బట్టి మానవజాతికి శవపరీక్ష జరిపారు.

ఈ రెండు బొమ్మల్లో ఒక పోలిక ఉంది. అవి ఎవరికీ ఆజ్ఞ ఇవ్వవు, సాయం అడుగుతాయి. ఎవరి మీదా కాపలా కాయవు. వాటిని లేపినవాళ్ళు యంత్రాన్ని మనిషి అని భ్రమపడ్డారని నేననుకోను. ఒక ఆటలో, ఒక ఉమ్మడి పనిలో పాలుపంచుకున్నారు. ఇది జనం లోపల ఇంకా మిగిలి ఉన్న సహకార స్వభావం. దీన్ని గుర్తించకుండా 'మనుషులు క్రూరులు' అని తేల్చే రచన నా దృష్టిలో అభ్యుదయ రచన కాదు, వట్టి నిరాశావాదం.

ఇప్పుడు దీని పక్కన మరో రోబోను పెట్టి చూడండి. 2017లో శాన్ ఫ్రాన్సిస్కోలో జంతుసంరక్షణ సంస్థ ఒకటి తన ఆవరణ చుట్టూ కాపలాకు నైట్‌స్కోప్ కంపెనీ రోబోను అద్దెకు తెచ్చుకుంది. మనిషంత ఎత్తు, సుమారు 180 కిలోల బరువు. అద్దె గంటకు 7 డాలర్లని పత్రికలు రాశాయి. ఆ ఏడాది ఆ నగరంలో మనిషికి ఇవ్వవలసిన కనీస వేతనం గంటకు 14 డాలర్లు. ఆ కాలిబాటల మీద ఇల్లు లేనివాళ్ళు గుడారాలు వేసుకుని బతుకుతున్నారు. రోబో తిరగటం మొదలుపెట్టాక గుడారాలు తగ్గాయని సంస్థ చెప్పుకుంది. తమ ఉద్యోగుల భద్రత కోసమే పెట్టామంది. ఎవరో ఆ రోబో మీద టార్పాలిన్ కప్పారు, దాని కళ్ళకు సాస్ పూశారు. చివరకు నగరపాలన కలగజేసుకుని, అనుమతి లేకుండా కాలిబాట మీద తిప్పితే రోజుకు వెయ్యి డాలర్ల దాకా జరిమానా అంది. కుక్కలనూ పిల్లులనూ కాపాడే సంస్థ మనుషుల్ని తరమటానికి యంత్రాన్ని తెచ్చిందన్న వైరుధ్యం అందరికీ కనిపించింది. కాని మనకు ముఖ్యం మరొకటి. పార్కులో అట్టబొమ్మను లేపిన చెయ్యీ, కాలిబాట మీద కాపలాబొమ్మకు సాస్ పూసిన చెయ్యీ రెండు వేర్వేరు జాతులవి కావు. జనం యంత్రాన్ని చూడటం లేదు, అది వచ్చిన పనిని చూస్తున్నారు.

అదే 2017 నవంబరులో మన హైదరాబాద్‌లో ఏం జరిగింది? 28న ప్రపంచ పారిశ్రామికవేత్తల సదస్సు మొదలైంది. బెంగుళూరులో తయారైన 'మిత్ర' అనే రోబో వేదిక మీదికి నడిచివచ్చింది. ప్రధాని నరేంద్ర మోదీ, అమెరికా అధ్యక్షుడి కుమార్తె ఇవాంకా ట్రంప్ దాని మీది మీటలు నొక్కి సదస్సు ప్రారంభించారు. సభ చప్పట్లు కొట్టింది. అంతకు మూడు వారాల ముందు నగరంలో రెండు నెలలపాటు భిక్షాటన నిషేధిస్తూ పోలీసు కమిషనర్ ఉత్తర్వు వెలువడింది. రాకపోకలకూ ప్రజాభద్రతకూ ఇబ్బంది అని కారణం చెప్పారు. కూడళ్ళలో ఉన్నవాళ్ళను పట్టుకుని జైలు ఆవరణల్లోని ఆశ్రమాలకు తరలించారు. ఈ రెండు వార్తలూ ఒకే నెల పత్రికల్లో వచ్చాయి. చేయి చాచిన మనిషికి ఆ నగరంలో చోటు లేదు, చేయి ఊపిన బొమ్మకు వేదిక మీద చోటు దొరికింది. మనలో ఎంతమంది ఈ రెంటినీ కలిపి ఒక కథ రాశాం?

5

రోబోకూ లోకానికీ మధ్య సంబంధాన్ని చిత్రించిన రచనల్లో కజువో ఇషిగురో 2021లో ప్రచురించిన 'క్లారా అండ్ ద సన్' నవలను తప్పక చెప్పుకోవాలి. కథ చెప్పేది క్లారా. పిల్లలకు తోడుగా ఉండటానికి దుకాణంలో అమ్మిన రోబో ఆమె. ఒక సమావేశంలో పిల్లలు ఆమెను గది అవతలికి విసిరి చూద్దామంటారు. ఇంకోచోట, నాటకశాల బయట ఒక స్త్రీ ఆమెను చూసి మండిపడుతుంది. పనులు పోయిన కోపం ఆమెది, కంటికి కనిపించినది క్లారా. క్లారా ఉన్న కుటుంబంలోని తండ్రి కూడా యంత్రాల వల్ల ఉద్యోగం పోయిన ఇంజనీరే. ఈ సామాజిక నేపథ్యాన్ని ఇషిగురో గొంతు పెంచకుండా, ఎంతో నేర్పుగా అల్లాడు. ఈ నవల శిల్పం నుంచి మన రచయితలు నేర్చుకోవలసినది చాలా ఉంది.

కాని ఆ శిల్పానికి ఒక మూల్యం కూడా ఉంది. ఆ ఇంట్లో మెలానియా అనే పనిమనిషి ఉంది. మొదట్లో ఆమెకు క్లారా అంటే గిట్టదు. ఎందుకు గిట్టదో మనం ఊహించుకోవాలి. ఎందుకంటే లోపలి గొంతు యంత్రానికి దక్కింది, పనిమనిషికి దక్కలేదు. ఆమె మనకు యంత్రం కళ్ళలోంచి మాత్రమే కనిపిస్తుంది, విరిగిన మాటల్లో మాత్రమే వినిపిస్తుంది. మా విద్యార్థి కథలో 'ఎవరో'కీ, ఈ మహా రచయిత నవలలో మెలానియాకీ బంధుత్వం ఉంది.

మన ప్రేక్షకులకు మరింత దగ్గరిది 2010లో వచ్చిన శంకర్ సినిమా 'రోబో'. అందులో చిట్టి వంట చేస్తుంది, చదివి పెడుతుంది, రౌడీలను కొడుతుంది. అన్నీ జీతం లేని చాకిరీలే. సైన్యానికి అమ్మకానికి పనికిరావాలంటే ఉద్వేగాలు కావాలని శాస్త్రవేత్త దానికి ఉద్వేగాలు నేర్పుతాడు. ఇక్కడిదాకా చాపెక్ బాటే. కాని ఉద్వేగం వచ్చిన చిట్టి తన చాకిరీని ప్రశ్నించదు. యజమాని ప్రేమించిన అమ్మాయిని కోరుతుంది. వెట్టివాడి తిరుగుబాటుగా మారవలసిన కథ ఒక స్త్రీ కోసం ఇద్దరు మగవాళ్ళ తగాదాగా మారింది. ఆ స్త్రీ ఇష్టాయిష్టాలు వెనక్కి పోయాయి. చాపెక్ నాటకంలో రోబోలు మానవజాతి మీదే తిరగబడతాయి. చివరకు అవి ప్రాణం తీయకుండా వదిలిన ఒకే ఒక మనిషి ఆల్క్విస్ట్, తమలాగే చేతులతో పనిచేస్తాడని. ఈ సినిమాలో చివరకు యంత్రం కోర్టు ఆజ్ఞ తలదాల్చి తనను తానే విప్పేసుకుంటుంది. హాలంతా కన్నీరు పెట్టుకుంది, నేను కూడా. విధేయుడైన సేవకుడి చావు అంటే మనకు ఎప్పుడూ ఏడుపే. తిరగబడ్డ సేవకుడి చావు అయితే మాత్రం న్యాయం.

6

ఇక్కడ మిత్రులు ఒక అభ్యంతరం చెప్పవచ్చు. 'యంత్రాన్ని తన్నటం వర్గపోరాటమంటారా?' అనను. 1811 నుంచి కొన్నేళ్ళపాటు ఇంగ్లండులో నేతపనివారు మగ్గాలు విరగ్గొట్టారు. విరగ్గొట్టినవాళ్ళకు ఉరిశిక్ష వేసే బిల్లు 1812లో వస్తే కవి బైరన్ ప్రభువుల సభలో తన తొలి ఉపన్యాసంలోనే దాన్ని వ్యతిరేకించాడు. ఆకలిని చూడకుండా విరిగిన చట్రాలనే చూస్తున్న సభకు ఆకలిని చూపించటం అతను చేసిన పని. తర్వాత మార్క్స్ 'కాపిటల్'లో చెప్పినది కూడా మనకు తెలుసు. యంత్రం వేరు, దాన్ని పెట్టుబడి వాడుకునే తీరు వేరు. ఈ తేడా తెలుసుకోవటానికి కార్మికులకు కాలమూ అనుభవమూ పట్టాయి. యొకొసుకా తాగుబోతూ, ఫిలడెల్ఫియా చీకటి చెయ్యీ ఆ తేడా తెలుసుకున్నవి కావు. వాళ్ళను వీరులుగా రాస్తే అదీ ఒక అబద్ధమే.

రెండో అభ్యంతరం బలమైనది. మనిషి పోలికలున్నదాన్ని హింసించటం అలవాటైతే మనిషిని హింసించటం సులభమవుతుంది కదా, అందుచేత పిల్లవాడు రుమాలు కట్టటం మంచిదే కదా? నిజమే. ఆ పిల్లవాడి చేతిని నేను వెనక్కి లాగను. కాని ఆ వాదాన్ని తిరగేసి కూడా చూడాలి. మనిషికి ఇవ్వని మర్యాదను మనిషి బొమ్మకు ఇవ్వటం అలవాటైతే ఏమవుతుంది? బొమ్మకు థాంక్స్ చెప్పి, గిన్నెలు దించిన కుర్రవాడిని చూడకుండా లేచిపోయిన మా బల్ల దగ్గర దయకు లోటు లేదు. ఉన్న దయ ఖర్చులేని చోటికి చేరింది. బొమ్మ జీతం పెంచమనదు, సెలవు అడగదు, సంఘం పెట్టదు. దాని మీద జాలి చూపటానికి మనం ఏమీ వదులుకోనక్కరలేదు.

ఈ విషయం రాయటానికి తెలుగు రచయితకు కావలసిన సామగ్రి పరదేశంలో లేదు. దాశరథి రంగాచార్య 'చిల్లర దేవుళ్లు' నవల తెరవండి. గడిలో వెట్టివాళ్ళున్నారు, ఆడబాపలున్నారు. పెళ్ళికూతురితో పాటు అరణంగా పంపబడి, తనకంటూ మాటగాని ఒళ్ళుగాని లేకుండా గడిలో బతకవలసిన స్త్రీ ఆడబాప. మనిషిని యంత్రంగా మార్చటంలో మన దొరలు ఏ కంపెనీకీ తీసిపోలేదు. చేతులు కట్టుకుని 'నీ బాంచెన్ దొరా' అని నిలబడ్డ మనిషి గొంతులో ఆ మాట ఎవరు పెట్టారో మన సాహిత్యం అడిగింది. ఈ రోజు దుకాణం గుమ్మంలో 'నమస్తే, మీకెలా సహాయపడగలను' అంటున్న బొమ్మ గొంతులో ఆ మాట ఎవరు పెట్టారో అడగటానికి కూడా ఆ చూపే చాలు. అదే మాట అదే స్వరంతో రోజుకు వందలసార్లు అనవలసిన అమ్మాయి ఆ పక్క కౌంటరులో నిలబడి ఉంది. ఎవరు ఎవరిని అనుకరిస్తున్నట్టు?

కనుక రోబో మీద కథ రాసే మిత్రులకు నా మనవి చిన్నది. దాన్ని ఏడిపించకండి అని నేననను. రాయండి, కాని దాన్ని అక్కడ ఎవరు నిలబెట్టారో, అది వచ్చాక ఎవరి పని పోయిందో, దాని వెనకాల గుడ్డ పట్టుకుని ఎవరు నడుస్తున్నారో చూసి రాయండి. జనం దాన్ని లేపితే ఎందుకు లేపారో, కొడితే ఆ దెబ్బ నిజానికి ఎవరికి తగలవలసిందో వెతకండి.

పుస్తకం అచ్చుకు పోయేముందు ఆ విద్యార్థిని పిలిచి మాట్లాడాను. బహుమతి మార్చలేదు, కథలో ఒక్క అక్షరం దిద్దలేదు. ఆ 'ఎవరో' ఎవరని మాత్రం అడిగాను. కుర్రవాడు కాసేపు ఆలోచించి, 'పేరు అడగలేదు సార్' అన్నాడు. నేనూ అడగలేదని చెప్పాను. మరోసారి ఆ హోటలుకు వెళ్ళాం. ఆ కుర్రవాడు అక్కడ లేడు. మానేశాడో, మాన్పించారో కౌంటరులో ఉన్నాయన చెప్పలేదు. రోబో మాత్రం ఉంది, నమస్కారం పెట్టింది. దాని పళ్ళెంలోంచి గిన్నెలు దించటానికి మరొకతను వచ్చాడు. ఈసారి మా విద్యార్థి ముందు అతని పేరు అడిగాడు, తర్వాతే కూర్చున్నాడు.